1958 ఎల్‌ఎస్‌యూ సీజన్: ఒకే ఆటలో మూడు జట్లు దేనికి?

అడిగిన ప్రశ్న క్లుప్తంగా ఇది: 1958లో లూసియానా స్టేట్ యూనివర్సిటీ (ఎల్‌ఎస్‌యూ) అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు ఒక్క ఆటా ఓడకుండా జాతీయ ఛాంపియన్ అయింది. కోచ్ పాల్ డీట్జెల్ ఒకే ఆటలో మూడు వేర్వేరు జట్లను మార్చి మార్చి దించేవాడట. ఎందుకు? ‘చైనీస్ బాండిట్స్’ అనే మూడో జట్టు నిజంగా అంత గొప్పదా? అదే ఏడాది అయోవా యూనివర్సిటీ జట్టు కూడా ఛాంపియనే అంటారు, ఏది నిజం?

ముందు చిన్న సమాధానం. మూడు జట్లు డీట్జెల్ సరదా కాదు, అప్పటి సబ్‌స్టిట్యూషన్ (ఆటగాళ్లను మార్చే) రూల్ నెత్తిన పెట్టిన లెక్కకు అతను వేసిన జవాబు. బాండిట్స్ గొప్ప ఆటగాళ్లు కారు. మొదటి పదకొండుమందికి ఊపిరి పీల్చుకునే వ్యవధి ఇవ్వడమే వాళ్ల అసలు పని, ఆ పని అద్భుతంగా చేశారు. అయోవా సంగతి చివర్లో చెప్తాను, అది ఓట్లు ఏ తేదీన వేశారన్న దానిమీద ఆధారపడిన గొడవ.

ఇక వివరంగా. ఇప్పుడు టీవీలో అమెరికన్ ఫుట్‌బాల్ చూసేవాళ్లకు దాడి చేసే పదకొండుమంది వేరు, అడ్డుకునే పదకొండుమంది వేరు అన్నది సహజంగా కనిపిస్తుంది. 1958లో కాలేజీ ఆట అలా లేదు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో, 1941లో, ఆటగాళ్లను ఎన్నిసార్లయినా మార్చుకోవచ్చని రూల్ సడలించారు. దాంతో పెద్ద కాలేజీలు రెండు పూర్తి జట్లను పోషించడం మొదలుపెట్టాయి. చిన్న కాలేజీలకు ఆ ఖర్చు తలకు మించిన భారమైంది. 1953 జనవరిలో రూల్స్ కమిటీ ఆ స్వేచ్ఛను తీసేసింది. ఆ తర్వాత ఏటా కొద్దికొద్దిగా మార్పులు చేశారుగానీ మూల సూత్రం ఒకటే: ఒక క్వార్టర్‌లో (ఆటలో నాలుగో వంతులో) బయటికెళ్లినవాడు అదే క్వార్టర్‌లో ఇష్టమొచ్చినన్నిసార్లు లోపలికి రాలేడు. అంటే మైదానంలో ఉన్నవాడు బంతి తమ చేతిలో ఉన్నప్పుడు దాడీ చెయ్యాలి, అవతలివాళ్ల చేతికెళ్తే అడ్డుకోనూ అడ్డుకోవాలి. హెల్మెట్టూ భుజాల ప్యాడ్లూ వేసుకుని, సెప్టెంబరులో లూసియానా ఉక్కపోతలో ఈ పని చెయ్యాలి. ఎల్‌ఎస్‌యూ సొంత మైదానం బాటన్ రూజ్‌లోని టైగర్ స్టేడియంలో ఆటలు రాత్రిపూట పెట్టడానికి ఆ ఎండ కూడా ఒక కారణం.

ఇలాంటి రూల్ కింద మామూలుగా కోచ్‌లు ఏం చేసేవారంటే, బలమైన పదకొండుమందిని వీలైనంతసేపు ఆడించి, అలిసిపోయినవాణ్ని ఒక్కొక్కణ్నే మార్చేవారు. ఇక్కడే చిక్కు వస్తుంది. ఎవడు ఈ క్వార్టర్‌లో ఇప్పటికే వెళ్లొచ్చాడు, ఎవడికి ఇంకో అవకాశం ఉంది అని గట్టున నిలబడి లెక్క పెట్టుకోవాలి. తప్పితే జరిమానా. పైగా ఇద్దరు ముగ్గురు కొత్తవాళ్లు చొరబడిన జట్టు పొందిక చెడుతుంది. మన పెళ్లి బాజాలో సన్నాయిని ఉంచి డోలు మాత్రం మార్చినట్టు ఉంటుంది ఆ వరస.

1957 సీజన్‌లో ఎల్‌ఎస్‌యూకు సరిగ్గా ఇదే జబ్బు. మొదటి ఐదు ఆటల్లో నాలుగు గెలిచి, తర్వాత వరసగా నాలుగు ఓడి, చివరికి 5–5తో (5 గెలుపులు, 5 ఓటములు) ముగించింది. అంతకు ముందు రెండేళ్లు ఇంకా ఘోరం: 1955లో 3 గెలుపులు, 5 ఓటములు, 2 టైలు, 1956లో 3–7. పైగా 1957 జట్టులో బంతి పట్టుకుని పరిగెత్తే ఫుల్‌బ్యాక్ జిమ్ టేలర్ (తర్వాత గ్రీన్ బే ప్యాకర్స్‌లో పేరుపొంది, ప్రొఫెషనల్ హాల్ ఆఫ్ ఫేమ్‌కు ఎక్కినవాడు) చదువు ముగించుకుని వెళ్లిపోయాడు. అలాంటి ఆటగాడు పోయాక జట్టు దిగజారాలిగానీ పదకొండుకు పదకొండు గెలవడమేమిటి? సమాధానం బెంచీ మీద ఉంది. ఆరంభంలో గెలిచి మధ్యలో చతికిలపడిన జట్టుకు నైపుణ్యం లేదని అనలేం, కాళ్లు లేవనాలి.

1958కి డీట్జెల్ ముప్పై ముగ్గురిని మూడు భాగాలు చేశాడు. మొదటిది వైట్ టీమ్: రెండు పనులూ బాగా చేసే అత్యుత్తమ పదకొండుమంది. దాడిని నడిపే క్వార్టర్‌బ్యాక్ వారెన్ రాబ్, పరుగు ఆటగాళ్లైన హాఫ్‌బ్యాక్‌లు బిల్లీ కానన్, జానీ రాబిన్సన్, ఫుల్‌బ్యాక్ రెడ్ బ్రాడ్నాక్స్, సెంటర్ మ్యాక్స్ ఫుగ్లర్ అందులోవాళ్లే. రెండోది గోల్డ్ టీమ్, వాడుకలో ‘గో’ అయింది. వీళ్లకు దాడి ప్రధానం, అడ్డుకోవడం అవసరమైనప్పుడు. క్వార్టర్‌బ్యాక్ డ్యూరెల్ మాథర్న్, కిక్కర్ టామీ డేవిస్ ఇందులో ఉండేవారు. మూడోది డిఫెన్స్ జట్టు, బాండిట్స్. మొదటి రెండింటిలో చోటు దక్కని కుర్రాళ్లు.

ఒక క్వార్టర్ పదిహేను నిమిషాలు. సాధారణంగా వైట్ టీమ్ మొదలుపెడుతుంది. క్వార్టర్ సగానికి దగ్గరపడ్డాక పదకొండుమందీ ఒక్కసారే బయటికి వస్తారు. అప్పుడు బంతి ఎల్‌ఎస్‌యూ చేతిలో ఉంటే ‘గో’ లోపలికి, అవతలివాళ్ల చేతిలో ఉంటే బాండిట్స్ లోపలికి. కాస్త సేద తీరాక వైట్ టీమ్ తిరిగొచ్చి క్వార్టర్ ముగిస్తుంది. ఈ అమరికలో మూడు లాభాలు. ఒకటి, లెక్క సులువు: పదకొండుమంది పేర్లు విడివిడిగా గుర్తుపెట్టుకోనక్కర్లేదు, జట్టు వెళ్లిందా, వచ్చిందా అన్నదే చూడాలి. రెండు, వారమంతా కలిసి సాధన చేసినవాళ్లే మైదానంలోనూ కలిసి ఉంటారు కాబట్టి పొందిక చెడదు. మూడోది అన్నిటికన్నా ముఖ్యం: నాలుగో క్వార్టర్‌లో కానన్, ఫుగ్లర్ లాంటివాళ్ల కాళ్లు ఇంకా మొదటి క్వార్టర్‌లోనే ఉన్నట్టుంటాయి. ఎదుటి జట్టులో అదే స్థానంలో ఆడేవాడు అప్పటికి రెట్టింపు సమయం మైదానంలో దొర్లి ఉంటాడు.

ఎక్కడ బెడిసికొడుతుంది? జట్టు మార్చిన మరుక్షణం బంతి చేతులు మారినప్పుడు. ‘గో’ దిగిన రెండో ప్రయత్నానికే బంతి జారవిడిస్తే, వాళ్లు ఇష్టం ఉన్నా లేకపోయినా డిఫెన్స్ ఆడాలి. వెంటనే మార్చేస్తే ఆ క్వార్టర్‌కు మిగిలిన అవకాశాలు తగలేసినట్టే. బాండిట్స్‌కు ఇదే తలకిందులుగా వస్తుంది: అవతలివాళ్ల బంతి లాక్కుంటే సంతోషమేగానీ, ఇప్పుడు దాడి చెయ్యాలి, దాడి వాళ్ల పని కాదు. అలాంటప్పుడు మధ్యలోంచి పరిగెత్తే సాదా ప్రయత్నాలతో కాలం గడిపి, కుదరకపోతే బంతిని దూరం తన్నేసి (పంట్) మళ్లీ తమ పనికి రావడం తెలివైన దారి. అందుకే ఈ పద్ధతికి మంచి పంటర్ ఉండితీరాలి. పంట్ బలహీనంగా ఉన్న జట్టు దీన్ని అనుకరిస్తే మూడో జట్టు దిగిన ప్రతిసారీ మైదానంలో ఇరవై గజాలు వెనక్కి జారిపోతుంది.

బాండిట్స్ విషయంలో నా అభిప్రాయం సూటిగా: వాళ్లను మహావీరులుగా చెప్పే కథలు సగం నిజం. ఒక్కొక్కణ్ని పక్కన నిలబెడితే వైట్ టీమ్‌లో ఆ స్థానంలో ఉన్నవాడే మెరుగు. కానీ వాళ్లకు అప్పగించిన పని ఇరుకైనది. కాసేపే మైదానంలో ఉండాలి, అడ్డుకోవడం ఒక్కటే బుర్రలో ఉండాలి, ఆ కాసేపూ ఏదీ దాచుకోకుండా పరిగెత్తి గుద్దాలి. అలిసిపోతామన్న భయం లేనివాడు, నైపుణ్యం కాస్త తక్కువైనా, పావుగంటగా ఆడుతున్నవాడికన్నా ప్రమాదకరం. ఇంకో సంగతి, బెంచీ మీద కూర్చుని సీజన్ గడిపేయాల్సిన పదకొండుమందికి ఒక పేరు, ఒక కచ్చితమైన పని, ప్రతి ఆటలో స్టేడియం నిండా కేకలు దొరికాయి. సుమారు 67,000 మంది పట్టే టైగర్ స్టేడియంలో వాళ్లు దిగినప్పుడు వచ్చే హోరు వైట్ టీమ్‌కు కూడా వచ్చేది కాదంటారు.

పేరు గురించి కూడా చెప్పాలి. అప్పటి ఒక వార్తాపత్రిక కామిక్ స్ట్రిప్‌లో చైనా బందిపోట్లంత క్రూరులు లోకంలో లేరన్న మాట డీట్జెల్‌కు గుర్తుండి, దాన్నే తన డిఫెన్స్ జట్టుకు తగిలించాడు. అభిమానులు వెదురు టోపీలు పెట్టుకునేవారు, లైఫ్ పత్రిక ఈ కుర్రాళ్లకు చైనావాళ్ల ముసుగులు తొడిగి ఫొటో వేసింది. ఇవాళ చూస్తే మొహం ముడుచుకునే పనే అది. అప్పట్లో చాలామందికి తప్పుగా తోచలేదు.

జట్ల కథ వింటూ చాలామంది మరిచిపోయేవి రెండున్నాయి. మొదటిది వింగ్-టీ. డీట్జెల్ ఆ ఏడాది దాడి పద్ధతినే మార్చి, అయోవాలో ఫారెస్ట్ ఎవషెవ్‌స్కీ ఆడిస్తున్న వింగ్-టీని తెచ్చుకున్నాడు. ఇందులో వెనక నిలబడే పరుగు ఆటగాళ్లలో ఒకడు వరస చివర ఆటగాడికి బయటగా, రెక్కలా నిలబడతాడు. బంతి పట్టగానే ముగ్గురు మూడు వైపులా కదులుతారు, ముందు వరసలోని గార్డులు తమ చోటు వదిలి పక్కకు పరిగెత్తి దారి తెరుస్తారు. బంతి ఎవరి దగ్గరుందో తెలుసుకోవడానికి డిఫెన్స్‌కు ఒక క్షణం ఆలస్యమవుతుంది. కానన్‌లాంటి వేగం ఉన్నవాడికి ఆ ఒక్క క్షణం చాలు.

రెండోది బరువులు. అప్పటి కోచ్‌లలో చాలామంది బరువులెత్తితే కండరాలు బిగుసుకుపోయి వేగం తగ్గుతుందని నమ్మేవారు. బాటన్ రూజ్‌లో ఆల్విన్ రాయ్ అనే శిక్షకుడు ఇస్ట్రూమా హైస్కూల్ కుర్రాళ్లచేత బరువులెత్తించి ఆ నమ్మకాన్ని బద్దలుకొట్టాడు. కానన్ ఆ స్కూలువాడే. కానన్ భారీ శరీరంతోనే వంద గజాల స్ప్రింట్‌లో పేరుపొందాడు. అదే శిక్షణ ఎల్‌ఎస్‌యూకూ వచ్చింది. మూడు జట్లతో కాళ్లు తాజాగా ఉంచడం ఒక ఎత్తు, ఆ కాళ్లకు ముందే బలం పట్టించడం ఇంకో ఎత్తు.

ఇక సీజన్. తొలి ఆటలో రైస్ యూనివర్సిటీ మీద 26–6. రెండోది సెప్టెంబర్ 27న మొబీల్‌లో అలబామాతో. బేర్ బ్రయంట్ అలబామా కోచ్‌గా ఆడించిన మొట్టమొదటి ఆట అది. ఎండ్ జోన్ (మైదానం చివర పాయింట్లు చేసే చోటు) వెనక వేసిన తాత్కాలిక స్టాండు కూలి ప్రేక్షకులు గాయపడిందీ ఆ రోజే. ఎల్‌ఎస్‌యూ తన గోల్ ముంగిటే బంతి పోగొట్టుకుంది. డీట్జెల్ బాండిట్స్‌ను దించాడు. టచ్‌డౌన్ (బంతిని ఎండ్ జోన్‌లోకి చేర్చి తెచ్చుకునే ఆరు పాయింట్లు) ఖాయమనుకున్న చోట అలబామా, గోల్‌పోస్టుల మధ్యకు బంతి తన్ని తెచ్చుకునే మూడు పాయింట్ల ఫీల్డ్ గోల్‌తో సరిపెట్టుకుంది. తర్వాత ఎల్‌ఎస్‌యూ 13–3తో గెలిచింది. మూడో జట్టును నమ్మవచ్చని కోచ్‌కు రుజువైంది అక్కడే అని నేననుకుంటాను. అది ఆడి చూపిస్తే తప్ప ఎవరూ నమ్మని పద్ధతి.

హార్డిన్-సిమన్స్ మీద 20–6, మయామీలో 41–0, కెంటకీ మీద 32–7. వీటి గురించి చెప్పుకోవడానికి పెద్దగా ఏమీ లేదు. అక్టోబర్ 25న ఫ్లోరిడాతో మాత్రం ప్రాణం మీదికొచ్చింది. 7–7 దగ్గర ఆగిపోతే, నాలుగో క్వార్టర్‌లో టామీ డేవిస్ ఫీల్డ్ గోల్ కొట్టి 10–7 చేశాడు. ఇప్పటి అలవాటుతో దాన్ని తేలిగ్గా తీసుకోకండి. 1958లో కాలేజీ గోల్‌పోస్టుల మధ్య దూరం 18 అడుగుల 6 అంగుళాలే. 23 అడుగుల 4 అంగుళాలకు పెంచింది మరుసటి ఏడాది. పైగా పోస్టులు ఎండ్ జోన్ వెనక గీత మీద ఉండటంతో ప్రతి కిక్‌కూ పది గజాలు అదనం. ఆ రోజుల్లో చాలా జట్లు ఫీల్డ్ గోల్ ఊసే ఎత్తేవి కావు. అదే రోజు అప్పటిదాకా అగ్రస్థానంలో ఉన్న ఆర్మీ (అమెరికా సైనిక అకాడమీ) జట్టు పిట్స్‌బర్గ్‌తో 14–14 టై చేసుకుంది. సీజన్ ముందు ఎవరి జాబితాలోనూ లేని ఎల్‌ఎస్‌యూ నంబర్ వన్ అయింది.

నవంబర్ 1, ఓల్ మిస్ (మిస్సిసిపీ యూనివర్సిటీ) తో ఆట. దీన్ని గురించే ఎక్కువ తప్పు చెప్తారు. ఓల్ మిస్ జట్టు ఎల్‌ఎస్‌యూ గోల్‌కు రెండు గజాల దూరంలో నాలుగు ప్రయత్నాలు చేతిలో పెట్టుకుని కూడా దాటలేకపోయింది. బాండిట్స్ ఆపారని రాసినవాళ్లున్నారు. ఆ అడ్డుగోడలో ముందున్నది మ్యాక్స్ ఫుగ్లర్, అతను వైట్ టీమ్ సెంటర్. డిఫెన్స్‌లో వెనక నిలబడి దూసుకొచ్చి పట్టేవాడు. ఎల్‌ఎస్‌యూ 14–0తో గెలిచింది. ఈ ఘనత వైట్ టీమ్‌దే. అయితే ఆ నాలుగు ప్రయత్నాలకూ వాళ్ల ఒంట్లో సత్తువ ఉండటానికి కారణం మిగతా రెండు జట్లు.

డ్యూక్ మీద 50–18. తర్వాత జాక్సన్‌లో మిస్సిసిపీ స్టేట్‌తో ఆట, మైదానమంతా బురద. బురదలో వింగ్-టీ కదలికలు సగం చచ్చిపోతాయి: పక్కకు పరిగెత్తాల్సిన గార్డు జారతాడు, కానన్ మలుపు తీసుకోలేడు. స్టేట్ టచ్‌డౌన్ చేసిందిగానీ అదనపు పాయింట్ రాలేదు: 6–0. ఎల్‌ఎస్‌యూ కష్టపడి ఒక టచ్‌డౌన్ చేసి, కిక్ కూడా సాధించి 7–6తో బయటపడింది. అన్నట్టు, టచ్‌డౌన్ తర్వాత కిక్‌కు ఒక పాయింట్, పరుగో పాసో అయితే రెండు అన్న రూల్ కాలేజీ ఆటలోకి వచ్చింది ఆ ఏడాదే. చివరి ఆటలో టులేన్ మీద 62–0. సగం ఆటయ్యేసరికి 6–0 మాత్రమే. మిగతా 56 పాయింట్లూ రెండో సగంలోనే. మూడు జట్ల పద్ధతి ఏం చేస్తుందో ఒక్క ఆటలో చూపమంటే నేను ఇదే చూపిస్తాను.

1959 జనవరి 1న న్యూ ఓర్లీన్స్‌లో షుగర్ బౌల్ (మామూలు సీజన్ ముగిశాక ఆడే ప్రత్యేక ఆటల్లో ఒకటి). ఎదురుగా ఫ్రాంక్ హోవర్డ్ కోచింగ్‌లోని క్లెమ్సన్. రాబ్ మొదటి సగంలోనే చెయ్యి విరగ్గొట్టుకున్నాడు. మూడో క్వార్టర్‌లో క్లెమ్సన్ పంట్ కోసం వెనక్కి విసిరిన బంతి దారి తప్పింది, ఎల్‌ఎస్‌యూ ఆటగాడు డ్యూయేన్ లెపర్డ్ 11 గజాల గీత దగ్గర దాని మీద పడ్డాడు. అక్కణ్నుంచి కానన్ పరిగెత్తుతాడని అందరూ ఎదురుచూస్తుంటే, అతను మికీ మంగమ్‌కు తొమ్మిది గజాల పాస్ విసిరాడు. అదనపు పాయింట్ కూడా తనే తన్నాడు. ఆటలో వచ్చిన పాయింట్లు అంతే: 7–0. మొత్తం 11 ఆటల్లో 282 పాయింట్లు చేసి, 53 ఇచ్చారు. అందులో 18 డ్యూక్ ఒక్క ఆటలోవే.

ఇప్పుడు అయోవా. అప్పట్లో అసోసియేటెడ్ ప్రెస్ విలేకరుల ఓటింగూ, కోచ్‌ల ఓటింగూ బౌల్ ఆటలకు ముందే ముగిసేవి. రెండింటిలోనూ ఎల్‌ఎస్‌యూకే కిరీటం. షుగర్ బౌల్‌లో ఓడినా పోయేది కాదు. ఫుట్‌బాల్ రచయితల సంఘం మాత్రం బౌల్ ఆటల తర్వాత ఓటేసి అయోవాను ఎంచుకుంది. రోజ్ బౌల్‌లో కాలిఫోర్నియాను 38–12తో చిత్తుచేశారు కాబట్టి ఆ ఎంపిక అర్థమవుతుంది. నన్నడిగితే ఎల్‌ఎస్‌యూయే సరి. అయోవా ఒహాయో స్టేట్ చేతిలో ఓడింది, ఎయిర్ ఫోర్స్‌తో 13–13 టై చేసుకుంది. ఈ వాదనలో అసలు తేల్చుకోలేని ప్రశ్న ఆబర్న్: ఎల్‌ఎస్‌యూ ఉన్న కాన్ఫరెన్స్ (కాలేజీ జట్ల కూటమి) లోదే, ఆ ఏడాది 9 గెలుపులు, ఒక టై, ఓటమి లేదు. క్రమశిక్షణ చర్య కింద ఉండటంతో బౌల్ ఆడలేదు. ఎల్‌ఎస్‌యూ షెడ్యూల్‌లో ఆబర్న్ లేదు. రెండూ తలపడివుంటే ఇవాళ మనం వేరే కథ చెప్పుకునేవాళ్లమేమో.

షెడ్యూల్ మాట వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. ఆ జట్టులో అందరూ తెల్లవాళ్లే. 1956లో లూసియానా ప్రభుత్వం తెల్ల, నల్ల ఆటగాళ్లు కలిసి ఆడటాన్ని నిషేధిస్తూ చట్టం చేసింది. కోర్టులు దాన్ని కొట్టేసినా ఎల్‌ఎస్‌యూ ఫుట్‌బాల్‌లోకి నల్లజాతి ఆటగాళ్లు రావడానికి 1970ల దాకా పట్టింది. ఎవరితో ఆడారు, ఎవరితో ఆడలేదు అని లెక్కవేసేటప్పుడు ఈ సంగతిని పక్కన పెట్టకూడదు.

మీరు ఏదైనా జట్టుకు ఈ పద్ధతి కోసం చూస్తున్నట్టయితే, నేరుగా పనికిరాదు. 1965కల్లా ఆటగాళ్లను స్వేచ్ఛగా మార్చుకునే రూల్ తిరిగి వచ్చేసింది, రెండు పనులూ చేసే వైట్ టీమ్ అవసరమే పోయింది. రూల్ అలాగే ఉన్న రోజుల్లో కూడా ముప్పై ముగ్గురు సరైనవాళ్లు లేకపోతే ఇది నిలబడేది కాదు. 1959లో దాదాపు అదే జట్టు, కానన్‌కు హైస్‌మన్ ట్రోఫీ (ఏటా ఉత్తమ కాలేజీ ఆటగాడికి ఇచ్చే బహుమతి) వచ్చిన ఏడాది. టెనెసీలో 14–13తో ఓడిపోయారు: టై చేసే కిక్ వదిలి గెలుపు కోసం రెండు పాయింట్లకు వెళ్లారు, కానన్‌ను గీత దగ్గరే ఆపేశారు. తర్వాత డీట్జెల్ ఆర్మీకి వెళ్లి, బాండిట్స్ పేరును అక్కడికీ తీసుకెళ్లాడు. 1962 నుంచి 1965 వరకు నాలుగు సీజన్లలో అక్కడ వచ్చినవి 21 గెలుపులు, 18 ఓటములు, ఒక టై.